వదిన రాసిన పుట్టిల్లు

మా వదిన పోయిందని అన్న ఫోన్ చేసినప్పుడు నేను ఆదోని మార్కెట్ యార్డులో, పత్తి దుకాణంలో పొద్దుటి లెక్క రాస్తున్నాను. ఆమె నవలలు మీలో చాలామంది చదివారు. ఇంటికి తిరిగొచ్చే ఆడపిల్లల కథలు బాగా రాస్తుందని మెచ్చుకున్నారు. ఆమె తన పుట్టింటి గడప తొక్కి ఏళ్లయిందన్నది మాత్రం మా ఇంట్లోవాళ్లకే తెలుసు.

వంట ముగించి, పొయ్యి పక్కనే కూర్చుని ఒళ్లో అట్ట పెట్టుకుని రాసేది. రాసింది మొదట నాకే ఇచ్చేది. నేను చిన్నప్పుడే బడి మానినవాడిని. అక్షరాలు నాకు నేనే కూడబలుక్కున్నాను. చదవడమంటే ఏమిటో ఆమె వల్ల తెలిసింది. బాగుందనేవాడిని. "యాడ బాగుందో సెప్పు అబ్బీ. ఊరికే బాగుందంటే చారు బాగుందన్నట్లే ఉంటాది" అనేది.

ఆమెది ఎమ్మిగనూరు, నేతగాళ్ల ఇల్లు. తల్లిదండ్రులు పోయాక మిగిలింది ఒక అన్న. ఆమెకు పేరు తెచ్చిన నవల ఆ ఇంటిదే. ఒకరి కూతురిగా, ఒకరి పెళ్లాంగా కాక తానెవరో వెతుక్కుంటూ పోయిన అమ్మాయి కథ. అందులో అన్న కష్టమొచ్చి మగ్గం అమ్ముకుంటాడు. వదిన వాళ్ల అన్న నిజంగానే మగ్గం అమ్మి, ఇంకొకరి మగ్గం మీద కూలికి నేస్తున్నాడు. టీ కొట్టు దగ్గర ఎవరో ఆ ముక్క ఒక్కటే చెప్పి నవ్వారట. పుస్తకం తెరవకుండానే ఆయన చెల్లెలికి తలుపు మూశాడు.

ఆ నవలలో, వెళ్లిపోయిన చెల్లెలి కోసం గది ఖాళీగా ఉంచేది ఆ అన్నే. అది నేను పోయి చెబుతానంటే వదిన వద్దంది. "సదివి తిట్టినా సంతోషమే. సదవకుండా క్షమిస్తే నాకొద్దు" అంది. ఏటా జాతరకని ఎమ్మిగనూరు బస్సెక్కేది. వాళ్ల వీధి మలుపు దాకా పోయి, బొరుగులు కొనుక్కుని తిరిగొచ్చేది.

ముత్తైదువగా పోయిన ఆడమనిషికి పుట్టింటి చీర కప్పాకే పాడె లేపడం మా ఆచారం. వదిన వాళ్ల అన్నకు నేనే ఫోన్ చేశాను. "పుస్తకాల్లో పుట్టిల్లు కట్టుకునింది కదప్పా. ఆ చీర గూడా ఆడ్నుంచే తెప్పించుకోండి" అని పెట్టేశాడు.

పొద్దు వాలేదాకా చూశాం. పెద్దలు ఇక ఆగకూడదన్నారు. నా భార్య తన పెట్టెలోంచి కట్టని చీర తెచ్చి కప్పింది. చూడవచ్చిన వాళ్లలో ఒకామె, పుట్టిల్లు లేనిదేమో పాపం, అని గొణిగింది. అన్ని ఇళ్లు రాసిన మనిషికి చివరికి దక్కిన మాట అది.

శ్మశానం నుంచి వచ్చి కాళ్లు కడుక్కుంటుంటే వాకిట్లో ఆటో ఆగింది. దిగింది ఆయనే. చేతుల్లో చీర. మగ్గం మీద ఉన్నదాన్ని ఉన్నట్టు కోసి తెచ్చాడు. నేత సగమే అయింది, చివరన నేయని పోగులు వేలాడుతున్నాయి.

"ఎత్తేసినారా?" అన్నాడు.

"ఎత్తేసినాం బావా."

ఎవరూ ఆ చీర అందుకోలేదు. అరుగు మీద కూలబడ్డాడు. నా వైపు చూడకుండా, "దాంట్లో నన్ను ఏమని రాసింది?" అని అడిగాడు.

"సదువుకో బావా" అన్నాను. అంతకంటే మెత్తటి మాట నాకు రాలేదు, ఈరోజుకీ రావడం లేదు.

ఆయన చీర ఒళ్లో పరుచుకుని, వేలాడే పోగులను కొన్ని కొన్నిగా చేర్చి ముడి వేయడం మొదలుపెట్టాడు. వీధిలో చీకటి పడింది. పోగులు కనిపించకపోయినా ఆ వేళ్లు ఆగలేదు.