బ్లాంచర్డ్స్‌టౌన్‌కి గట్టిమేళం

మేళం తెచ్చే పని నాకు అప్పగించడం మా అక్క చేసిన తప్పు. ఐర్లండ్‌లో రెండో లాక్‌డౌన్ రోజులు. బ్లాంచర్డ్స్‌టౌన్‌లో మేనకోడలి పెళ్ళి, పాతికమందికే అనుమతి. ఫోన్లో నాదస్వరం పెడదామంటే అక్క ఒప్పుకోలేదు.

"ముహూర్తం వేళ ఎవరైనా తుమ్మారనుకో, నీ ఫోను చప్పుడులో కలిసిపోతుందిట్రా?"

గట్టిమేళం ఉన్నదే అపశబ్దాలు వినపడకుండా. ఆ రోజుల్లో తుమ్ముని మించిన అపశబ్దం లేదు కూడా.

కార్క్ పక్కనున్న బాలింకాలిగ్‌లో మా పక్కింటాయన హేమిష్. స్కాట్లాండ్ మనిషి, బ్యాగ్‌పైపు వాయిస్తాడు, టీవీ సీరియళ్ళలోనూ కనిపిస్తాడని విన్నాను. ఆ సంచీ చంకలో పెట్టుకుని ఊదాడంటే వీధి చివరి కుక్కలు కూడా లేస్తాయి. ఇంతకంటే గట్టిమేళం ఎక్కడ దొరుకుతుంది? అడగ్గానే ఒప్పుకున్నాడు.

ఉదయం ఏడింటి రైలుకి కార్క్ స్టేషన్ చేరాం. ఇంటి నుంచి ఐదు కిలోమీటర్ల హద్దు దాటి ఎందుకెళ్తున్నారని పోలీసాయన అడిగితే శుభలేఖ చూపించాను. దాని మీది వినాయకుణ్ణి కాసేపు చూసి, "మరి ఈయన?" అన్నాడు.

"పెళ్ళి మేళమండీ."

"గ్రాండ్," అని వదిలేశాడు.

రైల్లో టీ బండి ఆపేశారు, వెళ్ళేవాళ్ళు ఫ్లాస్కు పట్టుకెళ్ళండి. మా దగ్గర పులిహోర ఉంది. హేమిష్ మాస్కు దించి తింటుంటే అవతలి వరసలో పెద్దావిడ పోల్చేసింది.

"సీరియల్లో చర్చి ఫాదర్‌ని పాతిపెట్టినప్పుడు వాయించింది మీరే కదూ? ఆ రాత్రంతా ఏడ్చాను."

హేమిష్ సిగ్గుపడ్డాడు. అప్పుడు బయటపడింది ఆయన నటజీవితం. ముప్పయ్యేళ్ళుగా తెర మీద ఆయన వాయించిందంతా చావులకే. జాలర్లని, సైనికుల్ని, ఇద్దరు ఫాదర్లని సాగనంపాడు.

"ఒక్క డైలాగ్ ఇవ్వలేదు. శవానికైనా మొదటి ఎపిసోడ్లో మాటలుంటాయి," అన్నాడు దిగులుగా.

నాకు పొలమారింది. లాక్‌డౌన్ పుణ్యమా అని అక్క చూడని ఐరిష్ సీరియల్ లేదు. మంగళవాద్యమని చెప్పి నేను చావుమేళాన్ని వెంటబెట్టుకెళ్తున్నాను. పిల్లకి కీడు తెచ్చానని అక్క అనుకుందో, ఈ జన్మలో నాతో మాట్లాడదు.

"అక్కడ మాస్కు తియ్యకండి," అన్నాను.

"మరి ఊదేదెలా?"

అదీ నిజమే.

పదిన్నరకి హాలు చేరాం. అక్క ఉప్మా తినమని ఎంత బలవంతం చేసినా, ఆయనకి ఆకలి లేదని నేనే చెప్పేశాను. ఓ మూలకి తీసుకెళ్ళి, పంతులుగారు చెయ్యెత్తగానే మొదలుపెట్టాలని చెప్పాను.

"యాక్షన్ అంటారా?"

"గట్టిమేళం అంటారు."

"రీటేక్?"

"పెళ్ళికి ఉండదు."

పదకొండూ పన్నెండుకి పంతులుగారి చెయ్యి లేచింది. హేమిష్ మాస్కు దించాడు. అక్క చూసింది. మెడ చాచి మళ్ళీ చూసింది. సంచీ ముందు కాస్త మూలిగింది, ఆ తర్వాత హాలు దద్దరిల్లింది. పిల్లా పిల్లాడూ జీలకర్ర బెల్లం పెట్టుకున్నారు. ఎవరు తుమ్మారో దేవుడికే తెలియాలి.

ఆ హోరులో అక్క నా చెవి దగ్గరికొచ్చింది.

"ఒరే, ఈయన చావుల ఆయన కదూ?"

"నిజంగా రైల్లోనే తెలిసిందక్కా. నామీద కోపం పెట్టుకోకు."

"నోర్ముయ్. మనూళ్ళో డప్పులు మాత్రం రెంటికీ అవే కావూ? ఆ ఫాదర్ నిజంగా పోయాడా, మళ్ళీ వస్తాడా, అది కనుక్కో ముందు."

సాయంత్రం ఐదింటికి తిరుగు రైలు. హేమిష్ భుజాన పట్టు కండువా, ఒళ్ళో అక్క ఇచ్చిన లడ్డూల డబ్బా.

"నేను వాయించాక జనం నవ్వడం ఇదే మొదటిసారి," అని కళ్ళు తుడుచుకున్నాడు. తుమ్ముకి భయపడి చేసిన ప్రయాణంలో ఇంత సంతోషం ఉంటుందనుకోలేదు.

అంతలో సీరియల్ డైరెక్టర్ ఫోను. "ఈసారి పెళ్ళి ఉంటేనే వస్తాను," అన్నాడు హేమిష్ గట్టిగా. అవతలి మాటలు విని, ఫోను పెట్టేశాడు.

"పెళ్ళి ఉందట. పెళ్ళికొడుకు అక్కడే పోతాడట."

"ఒప్పుకున్నారా?"

"డైలాగ్ ఇచ్చారు మరి. 'నేను పెళ్ళికే వచ్చాను' అనాలి."

కార్క్ వచ్చేదాకా ఆ ఒక్క మాటే రకరకాలుగా అని వినిపించాడు. అన్నిసార్లూ, నిజంగా పెళ్ళికి వచ్చినవాడిలాగే నవ్వాడు.