పెళ్ళి కలకు విరుగుడు

నా చిన్నప్పుడు ఖరగ్‌పూర్ ఓల్డ్ సెటిల్‌మెంట్‌లో, మా సందు చివర కుళాయి దగ్గర, పొద్దున్నే నీళ్ళకంటే ముందు కలలు వచ్చేవి. బిందెలు వరసలో పెట్టి ఆడవాళ్ళంతా మా నాయనమ్మ చుట్టూ చేరేవారు. శ్రీకాకుళం వైపు నుంచి తాతయ్య వెంట కొత్తకోడలిగా వచ్చి, రైల్వే క్వార్టర్లలోనే ముసలిదైపోయిన మనిషి. చదువు లేదు గానీ కలలకు అర్థం చెప్పడంలో ఆవిడ మాటకు తిరుగులేదు. ఎదుటివాళ్ళు బాధపడతారని ఏ కలనూ తీపి చేసి చెప్పిన పాపాన పోలేదు. అందుకే సందులో అందరికీ ఆవిడంటే గురి, కాస్త భయం కూడా ఉండేవి.

అన్నింట్లోకీ పెళ్ళి కలల దగ్గరే తర్జనభర్జన ఎక్కువ. మెలకువలో పెళ్ళి అంటే ఎగిరి గంతేసే మనవాళ్ళు, అదే పెళ్ళి కలలోకి వస్తే హడలిపోతారు. అది చావుకు సూచన అని నమ్మకం. కలలో ఎవరైనా చచ్చిపోతే మాత్రం వాళ్ళకు ఆయుష్షు పెరిగినట్టు. ఇంతవరకూ అందరికీ తెలిసిందే, నాయనమ్మ దగ్గర ఇంకా లోతైన లెక్కలుండేవి. మేళం వినబడి పెళ్ళికూతురు కనబడకపోతే గండం ఎక్కడో దూరపు చుట్టానికి. పెళ్ళి భోజనం తింటే తిన్నవాళ్ళకు జబ్బు. పందిట్లో వాన పడితే దోషం సగం కొట్టుకుపోతుంది. తానే పెళ్ళికూతురై పీటల మీద కూర్చుంటే ఇక చెప్పేదేమీ లేదు. బళ్ళో ఎక్కాలు రాక గోడకుర్చీ వేసే నాకు ఇవన్నీ కంఠతా వచ్చు.

ఒక ఏడాది మా అమ్మ కడుపునొప్పితో మంచం పట్టింది. రైల్వే ఆస్పత్రిలో పెద్ద డాక్టరుగారు చూసి లోపల గడ్డ ఉందన్నారు. ఇప్పుడే ఆపరేషన్ చేస్తే భయం లేదనీ, నానబెడితే తానూ ఏమీ చేయలేననీ నాన్నకు విడమరిచి చెప్పారు. నాన్న వర్క్‌షాపులో సెలవు అడిగి పెట్టుకున్నాడు. అమ్మ కూడా ధైర్యంగానే ఉంది. తీరా ఆస్పత్రిలో చేరడానికి రెండు రోజులుందనగా, తెల్లవారుజామున గుండె బాదుకుంటూ లేచింది. కలలో పసుపు బట్టలు కట్టి, బాసికం కట్టి, తననే పీటల మీద కూర్చోబెట్టారట.

నాయనమ్మ ఆ పొద్దున కుళాయి దగ్గరికి వెళ్ళలేదు. అమ్మ మంచం పక్కనే చేరి ఒక్కొక్కటే అడిగింది. వాన పడిందా అంటే, ఎండ మండిపోతోందంది అమ్మ. ముసుగులో ఉన్నది వేరే ఎవరైనా కావచ్చు కదా అంటే, కాదు, తన చేతి మీది పుట్టుమచ్చ తనకే కనబడిందంది. మేళం మధ్యలో ఆగిందేమో గుర్తు తెచ్చుకోమంది. ఆగలేదు. తప్పించుకునే దారి కోసం నాయనమ్మ వెతుకుతోందని నాకు కూడా తెలుస్తూనే ఉంది. అమ్మకేమో అబద్ధం చెప్పడం రాదు. చివరికి నాయనమ్మ లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది. ఆవిడ అర్థం చెప్పకుండా లేచిపోయిన కల అదొక్కటే.

అమ్మ ఇక ఆస్పత్రికి రానని భీష్మించుకుంది. చావు రాసిపెట్టి ఉంటే ఇంట్లోనే పోతాను, పరాయి చోట కోయించుకుని పోవడమెందుకు అంది. కలలూ లేవు, గిలలూ లేవని నాన్న మొదట నచ్చజెప్పాడు, తర్వాత అరిచాడు, చివరికి బతిమాలాడు. అమ్మ గోడవైపు తిరిగి పడుకుంది. నేను గుమ్మం దగ్గర కూర్చుని లెక్క వేశాను. ఆస్పత్రికి వెళ్ళకపోతే డాక్టరు మాట ప్రకారం అమ్మ దక్కదు, వెళితే కల ప్రకారం దక్కదు. నాకు అమ్మ కావాలి. అంతకు మించి ఆ రోజు నాకేమీ తెలియలేదు.

అప్పుడు నాన్న వంటింటి గుమ్మంలో నిలబడి, తానెన్నడూ పల్లెత్తు మాట అనని తల్లితో అన్నాడు.

"ఈ పిచ్చి నువ్వే ఎక్కించినావమ్మా. నువ్వే దించు."

మర్నాడు పొద్దున్న నాయనమ్మ బిందె తీసుకుని కుళాయికి బయల్దేరింది. నేనూ వెనకే వెళ్ళాను. మా ఇల్లు కుళాయికి ఆనుకునే ఉంటుంది, అక్కడ మాట్లాడితే అమ్మ మంచానికి వినబడుతుంది. నాయనమ్మ కిటికీకి ఎదురుగా నిలబడి, అందరినీ వినమని, గొంతు పెంచి చెప్పింది.

"రేత్తిరి నా కోడలు సచ్చిపోయినట్టు కలొచ్చింది. అరుగు మీద పడుకోబెట్టినారు. నా సేత్తో నేనే పసుపు రాసినాను."

ఎవరి చేతిలో బిందె వాళ్ళ చేతిలోనే ఉండిపోయింది. ఏ అత్తగారైనా జబ్బుతో ఉన్న కోడలి గురించి నలుగురిలో అలా అంటే జుట్టూ జుట్టూ పట్టుకునేదాకా వస్తుంది. ముందుగా తేరుకున్నది పక్కింటి బెంగాలీ పిన్నిగారు, మేమంతా కాకిమా అనే ఆవిడ. అమ్మకు వచ్చిన కల సంగతి ఆవిడకు తెలుసు. నాయనమ్మ మొహంలోకి ఒక్క క్షణం చూసి, తనకు వచ్చిన తెలుగులో అందుకుంది.

"మాసీమా, నాకు కూడా వొచ్చింది. హరి బోల్ హరి బోల్ అంటూ తీస్కెల్లినారు."

ఇక చూడాలి. గార్డుగారి భార్య తాను ఏడ్చిన ఏడుపుకు దిండు తడిసిపోయిందంది. ఒకామె పాడె చూశానంది, ఇంకొకామె ఆ పాడె మీద తాను బంతిపూలు వేశానంది. బంతిపూలు కావు, గన్నేరు పూలని మరొకామె సర్దింది. బట్టలారేసే తాడు దగ్గర గొడవపడి నెలల తరబడి అమ్మతో మాట మానేసిన ఎదురింటామె కూడా బిందె కింద పెట్టి మా కిటికీ దగ్గరికే వచ్చింది. తనకూ అదే కల వచ్చిందనీ, మొదట చూడటానికి రానన్నాననీ, తర్వాత మనసాగక వచ్చాననీ చెప్పింది. సందు సందంతా పోటీలు పడి మా అమ్మను సాగనంపుతోంది. నేను నిజమేననుకున్నాను. ఇన్ని చావులు కలిస్తే ఎంత ఆయుష్షు అవుతుందో లెక్క కట్టుకుని ఉబ్బితబ్బిబ్బయ్యాను.

అమ్మ గోడ పట్టుకుని కిటికీ దగ్గరికి వచ్చింది. నాయనమ్మ నేర్పిన శాస్త్రమే కదా, ఆవిడనే నిలదీసింది. చూసినవాళ్ళు ఏడిస్తేనే చావు కల ఫలిస్తుందని లెక్క, కలలో నువ్వు ఏడ్చావా అని అడిగింది.

"ఏడిసినాను. మీ మావ పోయినప్పుడు కూడా అంత ఏడవనేదే."

అలా అంటూనే నాయనమ్మ నిజంగా ఏడ్చేసింది. నీళ్ళు వచ్చి బిందె నిండి పొర్లిపోతున్నా ఎవరూ కుళాయి కట్టలేదు.

అయినా అమ్మ వెళతానని అనలేదు, ఆలోచిస్తానని మాత్రమే అంది. సాయంత్రం వర్క్‌షాపు సైరన్ మోగాక నాన్న ఇంటికి వచ్చాడు. దారిలోనే ఎవరో అంతా చెప్పినట్టున్నారు. నూనె మరకల బట్టలతోనే అమ్మ మంచం దగ్గర నిలబడ్డాడు. కలలూ లేవు, గిలలూ లేవన్న మనిషి, పడుకుంటే గుర్రు తప్ప ఇంకేమీ ఎరగని మనిషి, తనకూ ఒక కల వచ్చిందని మొదలుపెట్టాడు. నువ్వు... అన్నాడు. తర్వాత మాట రాలేదు. ఇంకోసారి ప్రయత్నించాడు. ఆ ఒక్క ముక్కా ఆయన నోటి నుంచి ఊడిపడలేదు. నూనె చేతులతోనే మొహం కప్పుకుని నేల మీద చతికిలపడ్డాడు.

అమ్మ ఆయన వైపు తిరిగింది. తర్వాత లేచి కూర్చుని, ట్రంకుపెట్టెలోంచి మెత్తని నూలు చీరలు తీయమని నాకు చెప్పింది, రేపు ఆస్పత్రికి కావాలి కదా అంది.

గడ్డ తీసేశారు. అమ్మ గట్టెక్కింది. రిక్షాలో ఇంటికి వచ్చిన రోజున సందు మొదట్లోనే అందరూ ఎదురొచ్చారు. కాకిమా శంఖం ఊదింది, నాయనమ్మ ఎర్రనీళ్ళతో దిష్టి తీసి పారబోసింది, ఎదురింటామె తన చేత్తో వండిన పథ్యం అన్నం పట్టుకొచ్చింది. నాన్న రిక్షావాడికి మిఠాయి పెట్టి, నీకు తెలుసా, నా భార్య వచ్చేసింది అని చెప్పడం నాకు ఇప్పటికీ కళ్ళకు కట్టినట్టే ఉంటుంది. అంత గర్వంగా ఆయన్ను నేను మళ్ళీ ఎప్పుడూ చూడలేదు.

అందరూ వెళ్ళాక నాయనమ్మ బెరుగ్గా, చూశావా, ఆ కలలు ఊరికే పోలేదు అంది. అమ్మకు నవ్వొచ్చింది. కుట్లు లాగుతాయని పొట్ట మీద చెయ్యి అదుముకుని నవ్వింది.

"నాకు తెల్దేటి అత్తా? నన్ను బతికించడానికి ఇంతమంది అబద్దాలాడినారు. నేను బతక్కపోతే మీ అందరి మాట పోదా?"

అలా బతికిన అమ్మ నా పెళ్ళీ, నా పిల్లల పెళ్ళిళ్ళూ మెలకువలోనే చూసింది.

నాకు కలల మీద నమ్మకం లేదు. అయినా ఎవరైనా రేపు ఆస్పత్రికి వెళ్ళాలనగా పెళ్ళి కల వచ్చిందని భయపడితే, అవన్నీ మూఢనమ్మకాలని నేను ఉపన్యాసం ఇవ్వను. పక్కన కూర్చుని, చెయ్యి పట్టుకుని, నిన్న రాత్రి నువ్వు చచ్చిపోయినట్టు కలొచ్చిందమ్మా, ఎంత ఏడ్చానో అంటాను. మొదట తెల్లబోతారు, తర్వాత నవ్వుతారు, ఆ తర్వాత వెళ్ళి బట్టలు సర్దుకుంటారు. డెబ్భై ఏళ్ళు దాటిన ఈ వయసుకి నేను అలా ఎంతమందిని చంపానో లెక్కలేదు. అందరూ క్షేమంగా ఉన్నారు.