పక్కింటాయన నడింట్లో కూర్చున్న రోజు

మా మేనమామది బోధన్. కొంచెం వయసు మళ్లినవాళ్లు ఎవరైనా ఆయన్ను చూస్తే ఒక్క క్షణం ఆగి, "మిమ్మల్ని ఎక్కడో చూశాను" అంటారు. ఎక్కడో ఏమిటి, వాళ్ల ఇంట్లోనే చూశారు. టీవీలో ఒకటే చానెల్ ఉన్న రోజుల్లో వారం వారం వచ్చే హాస్య ధారావాహికల్లో పక్కింటాయన మా మామే. హీరోకీ భార్యకీ పోట్లాట రసపట్టులో ఉండగా తలుపు తోసుకొచ్చి, చేతిలో గిన్నె చూపించి, "కొంచెం చక్కెర ఉంటుందా?" అనేవాడు. తర్వాత ధారావాహికలు మారాయి, హీరోలు మారారు, సోఫా కవర్లు మారాయి. గిన్నె మాత్రం మారలేదు.

ఊరి చుట్టూ చెరకు తోటలే ఉన్నచోట పుట్టినవాడు ప్రతి వారం చక్కెర అడుక్కోవడం మాకందరికీ నవ్వు తెప్పించేది, మా అత్తకు తప్ప. మర్నాడు అరుగు మీద బీడీలు చుట్టడానికి చేరిన ఆడవాళ్లు ఆమెను వదిలేవాళ్లు కాదు.

"ఏందక్కా, మీ ఇంట్ల షక్కర్ ఒడిసిందా? నీ మొగడు హైదరాబాద్ దాక వోయి అడుగుతున్నడు!"

కొన్నాళ్లు ఓర్చుకుంది. ఒక రోజు టీవీ కట్టేసి తీర్పు చెప్పింది. "ఇంకోల్ల గడపల నిలవడి అడిగే మొగన్ని నేను సూడ. నువ్వు ఇంటాయన ఏషం ఏసిన్నాడు సూస్త."

ఇంటాయన వేషం మామకు ఎవరూ ఇవ్వలేదు. అత్త ఆ తర్వాత ఒక్కటీ చూడలేదు. ఆయన ఆ ఊసు ఎత్తేవాడు కాదు గానీ, ఎవరైనా "బాగా చేశారండీ" అంటే చాలు, అత్త విన్నదా లేదా అని వంటింటి వైపు చూసేవాడు.

మొన్నీమధ్య వేల్పూర్ యువకుడొకడు ఇల్లు వెతుక్కుంటూ వచ్చాడు. ఫోన్లలో చూసుకునే కామెడీ వీడియోలు తీస్తాడట. ఇంటి పెద్ద వేషం ఉంది, మీరే వెయ్యాలి అన్నాడు.

"నేను ఎవలింటికన్న పోవాల్నా?" అని మామ అనుమానంగా అడిగాడు.

"లేదు సార్, అందరు మీ ఇంటికే వస్తరు."

లోపలి నుంచి అత్త గొంతు వినిపించింది. "ముందుగాల ఏసి సూపియ్యమను."

షూటింగుకు మామ నన్ను తోడు తీసుకెళ్లాడు. నేను నిజామాబాద్‌లో ఉంటాను. పెళ్లిళ్లకు పిలవడం మరిచిపోయినా, ఎక్కడైనా వాదించాల్సి వస్తే మావాళ్లకు నేను తప్పకుండా గుర్తొస్తాను.

రుద్రూర్‌లో చెరకు తోట పక్కన పెంకుటిల్లు. మొదటి సీనులో మామ గది నడుమ నిలబడి కొడుకును తిట్టాలి. బ్రహ్మాండంగా తిట్టాడు. తిడుతూనే ఒక్కో అడుగు పక్కకు జరిగి, చివరి మాటకు గోడకు ఆనుకున్నాడు. నడుమ అంతా ఖాళీ.

"సార్, మీరు నడుమనే ఉండాలె."

"ఉన్న గదా!"

మళ్లీ తీశారు. మళ్లీ గోడే. మూడోసారి ఏకంగా తలుపు దాకా వెళ్లాడు. ఆయన తప్పేమీ లేదు. పాత స్టూడియోల్లో హీరో ముఖానికి అడ్డం రావడం కంటే పెద్ద నేరం లేదు. నీ మాట నువ్వు చెప్పి చప్పుడు కాకుండా తప్పుకోవాలి. ఎంత చక్కగా తప్పుకుంటే అంత తొందరగా మళ్లీ పిలుస్తారు. మామ ఎంత చక్కగా తప్పుకునేవాడంటే, సొంత కూతురి పెళ్లి ఆల్బంలో కూడా ఆయన సగం భుజం తప్ప కనిపించదు.

దర్శకుడు నన్ను పక్కకు పిలిచాడు. "అక్కా, పొద్దు వోతున్నది. సార్‌ను పక్కింటాయనను జేస్త, గా పక్కింటాయన ఏషమేసెటాయనను ఇంటి పెద్దను జేస్త."

మామ విననే విన్నాడు. ముఖం వాడిపోయింది. "మీ అత్తకు ఫోన్ జెయ్యకు బిడ్డా" అన్నాడు మెల్లగా.

నాకు తిక్క రేగింది. "ఇంటికొచ్చి ఏషమిచ్చినోనివి ఇప్పుడు గుంజుకుంటవా తమ్మీ? మా అత్తకు నువ్వొచ్చి చెప్తవా?"

"నేనేం జెయ్యాలక్కా? సార్ ఒక్కకాడ ఆగుతలేడు."

"నిలవెడితె ఎట్లాగుతడు? కూసోవెట్టు!"

వసారాలో గుడ్డ సాగిపోయిన పడక కుర్చీ ఒకటి ఉంది. దాన్ని నేనే ఈడ్చుకొచ్చి గది నడుమ వేశాను.

మామ దాని లోతు చూసి జంకాడు. "గిందుల కూసుంటే మల్ల లేసుడెట్ల?"

"గందుకే కూసోమంటున్న."

ఈసారి కొడుకును చివరి మాట దాకా నడుమనే ఉండి తిట్టాడు. తర్వాత పక్కింటాయన పసుపు అడగడానికొచ్చాడు. అతన్ని కసిరి పంపాలి. "ఇదేమన్న కిరాణ దుకాణమనుకున్నవా?" అని మామ అరిచిన అరుపులో, ఇన్నేళ్లుగా ఆయన్ను కసిరిన హీరోలందరూ పలికారు. ఎదుటాయన నిజంగానే గడప దిగిపోయాడు. అరవడం అయిపోగానే మామ అలవాటుగా పక్కకు తప్పుకోబోయాడు. కుర్చీ వదిలితేగా! కాళ్లు గాలిలో ఆడిస్తూ, ముఖం మాత్రం ఇంటి పెద్దలా గంభీరంగా పెట్టుకుని గింజుకున్నాడు. అందరూ పడి పడి నవ్వారు. దర్శకుడు కెమెరా ఆపలేదు.

వీడియో వచ్చిన రోజు నేను బోధన్ వెళ్లాను. అత్త కళ్లజోడు తుడుచుకుని, నా ఫోను బియ్యం డబ్బాకు ఆనించి పెట్టి కూర్చుంది. మామ ఆమె పక్కనే కూర్చుని ఫోను చూడకుండా ఆమె ముఖమే చూశాడు. ఆమె చివరిదాకా చూసింది.

"పసుపుకొచ్చినాయన ఎవలు? పాపం, మంచిగ జేసిండు" అంది.

మామ భగ్గుమన్నాడు. "నడింట్ల గంత పెద్దగ నేను కూసుంటే నీకు గాయన కనవడ్డడా?"

"నిన్ను దినాం సూస్తనే ఉన్న గదా" అని అత్త ఫోను నా చేతికిచ్చింది. "మల్లొక్కపారి పెట్టు బిడ్డా. మీ మామ అలిగిండు, ఈసారి ఈయనను సూస్త."