స్పానిష్ అంకుల్ అడిగిన ఫీజు

స్కార్‌బరోలో ఆ అపార్ట్‌మెంట్ తొమ్మిదో అంతస్తువాళ్లందరికీ ఆయన స్పానిష్ అంకుల్. కూతురి దగ్గర ఉందామని కెనడా వచ్చాడు. కూతురు ఉద్యోగం మారి ఇంకా చలెక్కువుండే ఎడ్మంటన్ వెళ్తే, "నాకు ఇక్కడి చలి చాలు" అని ఎనభై ఒకటో ఏట ఒంటరిగా ఉండిపోయాడు.

ఎదురింటి జ్ఞానసుందరి మొదటి వారంలోనే ఆయన్ని లిఫ్టులో పట్టేసింది. పెన్షన్ ఎంత, బీపీ ఎంత, భార్య ఎందుకు వదిలేసింది, పళ్లు సొంతవా కట్టించుకున్నవా, అన్నీ రాబట్టింది. మాడ్రిడ్‌లో ముప్పై సినిమాలకు కథలూ మాటలూ రాశాడని కూడా అలాగే తెలిసింది. ఎక్కువ గుర్రాల సినిమాలే. ఒక్కదానిలోనూ తెర మీద ఆయన పేరు పడలేదు. సగం వాటికి నిర్మాత తన పేరే వేసుకున్నాడు. మిగతా వాటికి, స్పెయిన్ పేరు చూస్తే టికెట్లు తెగవని ఏదో అమెరికా పేరు తగిలించారు.

"మరి మీరు ఊరుకున్నారా అంకుల్?"

"ఊరుకోలేదమ్మా. ఇంకోటి రాశాను."

రెండేళ్లు గడిచాయి. ఆ ఏడు చదువులకని మన పిల్లలు విమానాలకు విమానాలు దిగారు. తెలుగు చర్చిలో కుర్చీలు చాలక గోడలకి ఆనుకుని నిలబడేవారు. క్రిస్మస్ నాటకం భారం తన మీద పడేసరికి జ్ఞానసుందరి తిన్నగా అంకుల్ తలుపు కొట్టింది.

"రాస్తాను. డబ్బు వద్దు. స్టేజీ మీద నా పేరు చెప్పాలి. అదే నా ఫీజు."

"ఓస్, అంతేనా. నేనే మైకులో చెప్తా."

కాన్పుకి చోటు వెతుక్కునే మరియ, యోసేపు, చోటు లేదనే సత్రం యజమాని, ముగ్గురితో ఇంగ్లీషులో పొందిగ్గా రాశాడు. ఆవిడ చదివి పెదవి విరిచింది.

"బానే ఉంది గానీ, వేషాలకి పేర్లిచ్చినోళ్లు ఇరవై ముగ్గురు. ఎవర్ని వద్దన్నా వాళ్లమ్మ బాపట్ల నుంచి నాకు ఫోన్ చేస్తది."

నిర్మాత మేనకోడళ్లందరికీ వేషాలు ఇరికించిన చెయ్యి ఆయనది. రెండు రోజుల్లో తిరగరాశాడు: మరియ, యోసేపు, ఇరవై ఒక్కమంది ఇంటి ఓనర్లు. కాలేజీ పిల్ల జెస్లిన్ తెలుగు చేసింది.

"క్రెడిట్ స్కోర్ ఎంత?" అన్నాడు మొదటి ఓనరు. "బేస్‌మెంట్ ఉంది, వంట చేయకూడదు," అంది రెండో ఓనరు. "పుట్టబోయేవాడికీ రెంట్ ఉంటది," అన్నాడు మూడోవాడు. "గ్యారంటర్ ఎవరు?" అని పదోవాడు అడిగితే యోసేపు పైకి చూశాడు. హాలంతా పడి పడి నవ్వింది. గోడలకి ఆనుకున్న పిల్లలు నవ్వుతూనే కళ్లు తుడుచుకున్నారు.

అంకుల్ నవ్వలేదు. పాత సూటులో, ముందు వరసలో, మైకు వైపే చూస్తున్నాడు.

సంఘపెద్ద సువార్తరాజు బిర్యానీకి సాయం చేసినవాళ్ల పేర్లన్నీ చదివి, "ఇక భోజనాలు" అన్నాడు. జనం లేచారు. జ్ఞానసుందరి ఆయన చేతిలో మైకు లాక్కుంది.

"కూర్చోండి. బిర్యానీ ఎక్కడికీ పోదు. ఈ నాటకం రాసింది మా ఎదురింటాయన. ముప్పై సినిమాలు రాశారు. షుగర్ లేదు. పైపళ్లు కట్టించుకున్నవి. కూతురు ఎడ్మంటన్‌లో ఇంజినీరు. ఆయనే..."

అక్కడ ఆగిపోయింది. రెండేళ్లుగా అన్నీ అడిగింది, అంకుల్ అని పిలిచి అడిగింది.

"అంకుల్, ఇంతకీ మీ పేరేంటండీ?"

ఆయన నెమ్మదిగా మెట్లెక్కి మైకు అందుకున్నాడు.

"ఫెర్మిన్ ఒచోవా," అన్నాడు. గొంతు వణికింది. అది నచ్చక గొంతు సవరించుకుని, "టేక్ టూ," అని మళ్లీ చెప్పాడు.