భూమయ్య సారు పేర్ల పుస్తకాలు

మా వీధి గోడకు ఎవరో పోస్టరు అంటిస్తున్నారు. ఉడికిన మైదా, మైలుతుత్తం కలిసిన వాసన కిటికీలోంచి రాగానే నా వేళ్లు చల్లబడ్డాయి. ఇన్నేళ్ల తరువాత కూడా. ఆ జిగురుతోనే భూమయ్య సారు చైనా వార్తల కత్తిరింపులను నోటుపుస్తకాల్లో అంటించేవారు. కరీంనగర్‌లో ఒక కాలేజీలో ఆయన రాజనీతిశాస్త్రం చెప్పేవారు. నేను అక్కడే చదివి, ఆయన ప్రోద్బలంతో అక్కడే చరిత్ర లెక్చరరుగా చేరాను. సారు ఉర్దూ మీడియంలో ఎమ్మే చేసిన మనిషి. చైనా భాష ఒక్క అక్షరం రాదు. అయినా చైనా రాజకీయాల మీద డాక్టరేటు కోసం అప్పటికి పన్నెండేళ్లుగా శ్రమిస్తున్నారు.

అక్కడ ఎవరు ఎదుగుతున్నారో, ఎవరు కూలుతున్నారో ఆ ప్రభుత్వం చెప్పదు. సభల వార్తల్లో నాయకుల పేర్లు ఏ వరుసలో అచ్చయ్యాయో చూసి సారు పసిగట్టేవారు. సభకో పేజీ. పేరు ముందుకు జరిగితే పైకి ఎర్రగీత, వెనక్కి జారితే కిందికి. పేరే లేకపోతే సున్నా.

"ఉన్నోన్ని అందరు చూస్తరు. లేనోన్ని చూసుడు నేర్చుకో," అనేవారు. "ఆధారం లేకుండ నోరు తెరవకు. దొరికినంక మూయకు."

దయ్యాలు లేవని నిరూపించడానికి శ్మశానంలో కూర్చుని అన్నం తిన్నవాణ్ని నేను. ఆ తెగువ ఆయన దగ్గర నేర్చుకున్నదే.

1962లో సరిహద్దులో చైనాతో యుద్ధం మొదలైంది. స్టాఫ్‌రూములో, రోజూ ఆలస్యంగా వచ్చే లెక్కల మాస్టారు నవ్వుతూ అడిగాడు: "భూమయ్య సారూ, మీ చుట్టాలు ఎందాక వచ్చిండ్రు?"

"నువ్వు మొదటి పీరియడ్‌కు వచ్చేలోపల వస్తరు తియ్," అన్నారు సారు. అందరూ నవ్వారు.

వారం తిరిగేసరికి ఎవరూ నవ్వలేదు. ఆయన పక్క కుర్చీ ఖాళీగా ఉండసాగింది. ఆయనకొచ్చే ఉత్తరాలు విప్పి అతికించినట్టు కనిపించేవి. నేను మొదట వాళ్లింటికి వెనుక సందులోంచి వెళ్లాను. తరువాత వెళ్లడమే మానేశాను.

ఒక మధ్యాహ్నం ప్రిన్సిపాలు గదికి పిలుపొచ్చింది. బల్ల మీద సారు నోటుపుస్తకాలు తొమ్మిదీ ఉన్నాయి. వాటి వెనక ఒక ఇన్‌స్పెక్టరు. ఎంతో మర్యాదగా మాట్లాడాడు.

"కూసోండి సార్, ఫికర్ చేయకుండ్రి. ఆయన శిష్యులట గదా మీరు. గీ పేర్ల పక్కన గీతలేంది, సున్నాలేంది? ఏమన్న గుర్తులా?"

పత్రికల్లో అచ్చయిన పేర్లేనని చెబితే సరిపోయేది. రెండు నిమిషాల పని. ఇన్‌స్పెక్టరు టోపీ బల్ల మీద ఉంది. దాన్నే చూస్తున్నాను.

"నాకు తెల్వదు సార్," అన్నాను.

"తెల్వదా?"

"తెల్వదు."

కేసు పెట్టలేదు. సారును ఆదిలాబాద్‌కు బదిలీ చేశారు. పుస్తకాలు మాత్రం తిరిగి ఇవ్వలేదు. పన్నెండేళ్ల పరిశోధన అక్కడితో ఆగింది.

ఐదేళ్లకు ధైర్యం కూడగట్టుకుని ఆదిలాబాద్ వెళ్లాను. చైనాలో అప్పుడు పెద్ద పెద్ద నాయకులే కనబడకుండా పోతున్నారు. సారు పత్రిక మడిచి పక్కన పెట్టారు.

"గా పుస్తకాలుంటే ఎవలు పోతరో ముందుగాల్నే చెప్తుంటిమి," అన్నారు. "నువ్వు తెల్వదన్నవని ఇన్‌స్పెక్టరు చెప్పిండు," అన్నారు.

"భయమైంది సార్."

"నాకూ అయింది. భయానికేంది. గని రెండు దినాలు నువ్వన్నది నిజమే అనుకున్న. నేనే సరిగ్గ చెప్పలేదేమో, పోరనికి సమజ్ కాలేదేమో అనుకున్న."

భోజనం పెట్టించి, బస్సెక్కించారు.

తెలియనిది తెలుసని చెప్పే బాబాలను ఇన్నేళ్లుగా నా వ్యాసాల్లో పేరుపేరునా ఏకిపారేశాను. తెలిసీ తెలియదన్నవాడి మీద మాత్రం ఒక్క వ్యాసమూ రాయలేకపోయాను. ఇదే మొదటిది.