హరుకో తిప్పిన బూట్లు

నేను రిటైరవడానికి రెండేళ్ల ముందు, జులైలో, ఒక చిన్న సినిమాకి కంటిన్యుటీ చూడమని వెల్లింగ్టన్ నుంచి ఆక్లండ్ పిలిపించారు. ఒకే సన్నివేశాన్ని దూరం నుంచీ దగ్గర నుంచీ ముక్కలుగా తీస్తారు. ఆ ముక్కలు అతకాలంటే ఏ మాటకి ఏ చెయ్యి లేచిందో ఒకరు చూస్తూండాలి. ఆ ఒకరు నేనే. హోదా డైరెక్టర్ పక్కన మడతకుర్చీ. అధికారం నోరున్నంత మేరకు. నాకు లోటు రాలేదు.

నాయిక హరుకో. జపాన్‌లోనూ ఇక్కడా ఏళ్ల తరబడి చిన్న సినిమాల్లో పక్కింటావిడగా, నర్సుగా వేసి, యాభై దాటాక మొదటిసారి ప్రధాన పాత్రకి వచ్చింది. షూటింగ్ ఆక్లండ్‌లోనే మౌంట్ రాస్కిల్ అనే పేటలో, సుజాత అనే హైదరాబాదావిడ ఇంట్లో. ఇల్లు మాకిచ్చింది ఆ ఒక్క రోజుకే.

ఆ రోజు సన్నివేశంలో, భర్త ఆస్పత్రిలో పోయాక హరుకో ఒంటరిగా ఇంటికి రావాలి. గుమ్మంలో అతని బూట్లు, ముక్కులు తలుపు వైపు. వెళ్లేటప్పుడు తొడుక్కోవడానికి వీలుగా జపాన్ ఇళ్లలో అలా తిప్పి పెడతారు. దూరం షాట్‌లో ఆమె వాటిని దాటుకుని లోపలికి వెళ్లింది. క్లోజప్ భోజనాల తర్వాత.

తిని వచ్చేసరికి బూట్లు లేవు. సుజాత స్టాండులో సర్దేసింది.

“గుమ్మంల గిట్ల ఇడుస్తరా అక్కా? స్టాండు ఎందుకున్నది మరి?”

“అవి చనిపోయినాయనవి సుజాతా, కదపకూడదు.”

“సచ్చిపోయినాయన బూట్లా? మా ఇంట్లకెందుకు తెచ్చిన్రు?”

కథలో చనిపోయాడని నచ్చజెప్పి, పొద్దున షాట్‌కి తీసిపెట్టుకున్న ఫొటో చూసుకుని బూట్లు మళ్లీ పెట్టాను. కెమెరా తిరిగింది. ఈసారి హరుకో వంగి, బూట్ల ముక్కులు ఇంటి లోపలికి తిప్పింది.

అతకదని టేక్ మధ్యలోనే ఆపించాను. డైరెక్టర్ ల్యూక్, కుర్రవాడు, నన్నే సమర్థించి ఇందాకటిలాగే చేయమన్నాడు. ఇన్నేళ్లూ నిలబడమన్న చోట నిలబడిన మనిషి, చేయనంది.

“ఆయన ఇక బయటికి వెళ్లడు కదా.”

ఈ దేశంలో జులై అంటే చలికాలం. కిటికీలో వెలుతురు ఇంకొక్క టేక్‌కే మిగిలింది. బూట్లు తిప్పడం ఉండాలంటే దూరం షాట్‌నే మళ్లీ తీయాలి, అప్పుడు క్లోజప్ ఉండదు. క్లోజప్ కావాలంటే తిప్పడం ఉండదు. రెండూ కావాలంటే సూర్యుడితో మీరే మాట్లాడుకోండి అని ఇద్దరికీ చెప్పాను.

సినిమాకంతటికీ పెద్ద సన్నివేశం ఇదేననీ, దూరం నుంచి తీస్తే ముఖం కనపడదనీ ల్యూక్ ఆమెని హెచ్చరించాడు.

“చేతులు కనపడతాయిగా,” అని హరుకో వెళ్లి తలుపు బయట నిలబడింది.

ఆ ఒక్క టేకే సినిమాలో ఉంది. ఆ తర్వాత వచ్చిన మంచి పాత్రలన్నీ అది చూసి పిలిచినవేనని ఆమే నాతో అంది. మేం వైర్లు చుట్టుకునే లోపే సుజాత బూట్లని మళ్లీ స్టాండెక్కించింది.

అతకదని ఆ రోజు నేనన్నది నిజమే, ఇప్పుడూ అదే అంటాను. కానీ కంటిన్యుటీ అంటే ముందు తీసిన ముక్కకి తర్వాతి ముక్కని లొంగదీయడం కాదు. రెండోదే మేలైతే మొదటిది మళ్లీ తీయించాలి, వెలుతురుండగానే.