ఖర్జూరం గింజల క్యాలెండర్

ఇరవై ఏళ్లుగా ఇంగ్లీషు పాఠాలు చెబుతున్నాను. ఒక రంజాన్‌లో మహబూబ్‌నగర్‌లో మా పొరుగింటి పండ్ల వ్యాపారి ఖాజా భాయ్ ఇఫ్తార్‌కు పిలిచి, ఖర్జూరం చేతిలో పెడుతూ, "సార్, గీ పండునూ డేట్ అంటరు, తారీఖునూ డేట్ అంటరు. గట్లెందుకు?" అని అడిగారు. తెలియదనడానికి నామోషీ అనిపించి, "పూర్వం రోజుకో ఖర్జూరం గింజ కుండలో వేసి తారీఖులు లెక్కపెట్టేవారు" అని కల్పించేశాను.

మరుసటి రంజాన్‌కు ఆయన దుకాణంలో నా పేరుతో సహా ఆ కథ బోర్డెక్కింది! పక్కనే గింజల సీసా. అందరి ముందూ నాకు దండ వేయబోతుంటే, సిగ్గుతో నిజం ఒప్పుకున్నాను.

"గింత చదివి కూడా ఎంత తగ్గి మాట్లాడుతుండో సూడుండ్రి మా సారు!" అంటూ దండ వేసేశారు.

పండు పేరు ‘చేతివేలు’ అనే అర్థమున్న గ్రీకు మాట నుంచి, తారీఖు పేరు ‘ఇచ్చినది’ అనే లాటిన్ మాట నుంచి వచ్చాయి. పాఠకులెవరైనా దయచేసి ఖాజా భాయ్‌కి చెప్పండి. నేను చెబితే నమ్మడం లేదు.